పెళ్లి ముందా, ఛాతీ ఆపరేషన్ ముందా?

ఖమ్మం జిల్లా నుంచి ఒక అక్క తన తమ్ముడి గురించి రాసిన ఉత్తరం ఇది. పేర్లు వద్దన్నారు. సీటీ స్కాన్ రిపోర్టు, ఊపిరి పరీక్ష కాగితం కూడా జత చేశారు. ఉత్తరం పెద్దది కాబట్టి ముఖ్యమైన సంగతులే ఇక్కడ ఇస్తున్నాను.

తమ్ముడికి 27 ఏళ్లు. సొంత ట్రాలీ ఆటో ఉంది. ఎరువుల బస్తాలు, సిమెంటు కిరాయిలకు వెళ్తాడు. జూన్ చివర్లో జ్వరం, పొడి దగ్గు, గట్టిగా ఊపిరి పీలిస్తే కుడి డొక్కలో పోటు మొదలయ్యాయి. ఊళ్లో ఆర్‌ఎంపీ మూడు వారాలు ఇంజెక్షన్లు ఇచ్చాడు. పొద్దున తగ్గినట్టే ఉండేది, సాయంత్రానికి మళ్లీ ఒళ్లు కాలిపోయేది. చివరికి టౌన్లో ఎక్స్‌రే తీయిస్తే కుడివైపు ఛాతీలో నీరు చేరిందన్నారు. సిరంజితో లాగితే వచ్చింది నీరు కాదు, చీము. పక్కటెముకల మధ్య నుంచి గొట్టం వేసి 12 రోజులు ఉంచారు. ఆ చీములోనే టీబీ బయటపడింది. కళ్లె పరీక్షలో మాత్రం రెండుసార్లూ టీబీ లేదనే వచ్చింది. జూలై నెలాఖరులో మందులు మొదలుపెట్టారు, ఇప్పటికి నాలుగు నెలలు దాటింది. జ్వరం పోయింది, ఆకలి వచ్చింది, బరువు 4 కిలోలు పెరిగాడు. అయినా బస్తా ఎత్తలేకపోతున్నాడు, ఒక అంతస్తు ఎక్కితే నిలబడిపోతున్నాడు.

"పెళ్లికి షేర్వాణీ కుట్టించడానికి కొలతలు ఇస్తుంటే, అన్నా నీ కుడి భుజం కిందికి దిగి ఉందేంటి అని టైలర్ అడిగాడట. ఆ మాటతో భయమేసి మళ్లీ స్కాన్ తీయించాం" అని రాశారు ఆవిడ. ఆ స్కాన్ చూసిన సర్జన్, ఊపిరితిత్తి చుట్టూ దళసరిగా పొర కట్టేసిందని, ఛాతీ తెరిచి దాన్ని ఒలిచేయాలని, ఆ ఆపరేషన్‌ను డీకార్టికేషన్ అంటారని చెప్పారు. ఖర్చు 3 లక్షల 20 వేలు. ఇంకో ఊళ్లో ఛాతీ డాక్టరుకు చూపిస్తే, ఆరు నెలల కోర్సు పూర్తి కానివ్వండి, అప్పుడు చూద్దాం అన్నారు. తండ్రి ససేమిరా ఒప్పుకోవడం లేదు. ఏడేళ్ల క్రితం వాళ్లమ్మ గర్భసంచి ఆపరేషన్ అయిన మూడో రోజున పోయింది. మాఘంలో పెళ్లి పెట్టుకున్నారు. అమ్మాయి తరఫువాళ్లకు నిమోనియా వచ్చి తగ్గిందని చెప్పారు, టీబీ మాట చెప్పలేదు. ఇక ఆవిడ ప్రశ్నలు: ఈ ఆపరేషన్ తప్పదా? పెళ్లయ్యాక చేయిస్తే ఏమవుతుంది? ఊపిరితిత్తి తీసేస్తారని ఆర్‌ఎంపీ అంటున్నాడు, నిజమేనా? అమ్మాయి వాళ్లకు చెప్పాలా, వద్దా?

అమ్మా, మీ ప్రశ్నల్లో సులువైనదాంతో మొదలుపెడతాను. ఊపిరితిత్తి తీసేయరు. ఈ ఆపరేషన్ చేసేదే ఊపిరితిత్తిని దక్కించుకోవడానికి. ఊపిరితిత్తి మీద ఒక పలచని పొర, ఛాతీ గోడకు లోపలివైపు ఇంకో పొర ఉంటాయి. రెండింటి మధ్య మామూలుగా రెండు మూడు టీస్పూన్ల ద్రవం మాత్రమే ఉండి, ఊపిరి తీసినప్పుడల్లా అవి ఒకదాని మీద ఒకటి జారేలా చూస్తుంది. అక్కడ చీము చేరితే అది బెల్లం పాకం ముదిరినట్టు ముదురుతుంది. మొదట్లో పలచన, సిరంజికి వచ్చేస్తుంది. తర్వాత తీగలు సాగి, గదులు గదులుగా విడిపోతుంది, అప్పుడు గొట్టం వేసినా ఒక గదిలోది వస్తే పక్క గదిలోది ఉండిపోతుంది. నాలుగు నుంచి ఆరు వారాలు దాటితే గట్టిపడి ఊపిరితిత్తిని చుట్టూ బిగించేస్తుంది. లోపలున్న ఊపిరితిత్తి బాగానే ఉన్నా విచ్చుకోవడానికి చోటుండదు. ఆ పట్టు బిగుస్తున్నకొద్దీ పక్కటెముకలు ఒకదాని దగ్గరికొకటి వస్తాయి, భుజం కిందికి దిగుతుంది. టైలర్ చూసింది అదే. స్కాన్ కన్నా ముందు టేపు పట్టుకున్న మనిషి కనిపెట్టాడంటే ఆయన పనితనానికి దండం పెట్టాలి.

మొదటి మూడు వారాలు ఇంజెక్షన్లతో గడిచిపోయాయని మీరు బాధపడ్డారు. అప్పుడే ఎక్స్‌రే తీసి ఉంటే పలచగా ఉన్నప్పుడే దొరికేదేమో, నిజమే. దాన్ని తలుచుకుంటూ కూర్చుంటే ఇప్పుడు తీసుకోవాల్సిన నిర్ణయం పక్కకు పోతుంది. వదిలేయండి.

ఇక ఇద్దరు డాక్టర్లు రెండు మాటలు చెప్పారని మీ టెన్షన్. వాళ్లిద్దరి మాటలకూ ఆధారం ఉంది. టీబీ వల్ల ఛాతీలో నీరు చేరినవాళ్లలో చాలామందికి మందులు వాడుతుండగానే పొర కాస్త దళసరెక్కుతుంది. కోర్సు పూర్తయ్యేసరికి, ఒక్కోసారి ఆ తర్వాత ఇంకొన్ని నెలలకు, కత్తి పెట్టకుండానే అది పలచబడుతుంది. తొందరపడి కోస్తే అనవసరంగా కోసినట్టవుతుంది. రెండో డాక్టరు ఆగమన్నది ఈ ఉద్దేశంతోనే అయి ఉండాలి. కానీ ఇది నీరు చేరి దళసరెక్కిన పొర విషయంలో చెల్లే మాట. మీ తమ్ముడికి చేరింది చీము. మీరు పంపిన రిపోర్టులో కుడివైపు వెనక కిందిభాగంలో గది కట్టిన ద్రవం ఇంకా ఉందని, చుట్టూ పొర దళసరిగా ఉందని, పక్కటెముకలు దగ్గరపడ్డాయని, కుడి ఊపిరితిత్తి కుంచించుకుందని స్పష్టంగా రాసి ఉంది. పై భాగంలో చిన్న మచ్చలు తప్ప ఊపిరితిత్తి లోపల పెద్ద దెబ్బ లేదనీ ఉంది. ఊపిరి పరీక్షలో అతని వయసుకు, ఎత్తుకు ఉండాల్సినదానిలో 54 శాతమే గాలి ఊదగలిగాడు. 80 దాటితే మామూలు అంటాం. నాలుగు నెలల మందుల తర్వాత కూడా గది అలాగే ఉంటే, మిగిలిన రెండు నెలల మాత్రలు దాన్ని కరిగిస్తాయని నేననుకోను. మందు రక్తం ద్వారా వెళ్తుంది, గట్టిపడిన పొర మధ్యలో చిక్కిన చీములోకి సరిగా చేరదు.

కాబట్టి కాగితాలు చూసినంతలో నా మొగ్గు సర్జన్ వైపు. అయితే మనిషిని చూడకుండా ఇది ఖాయం చేయకూడదు. రెండో డాక్టరు దగ్గరికే మళ్లీ వెళ్లి సూటిగా అడగండి: "సార్, ఆ గదిలో ఉన్నది ఇంకా చీమేనా? లోపలి ఊపిరితిత్తి విచ్చుకునే స్థితిలో ఉందా?" ఆయన అల్ట్రాసౌండ్‌లో చూస్తూ సూదితో కొంచెం తీసి చూడొచ్చు. అది మళ్లీ చీమే అయితే ఇద్దరు డాక్టర్లూ ఒకే మాట మీదకు వస్తారని నా నమ్మకం. నీరు లాంటిదేమీ రాక, ఉన్నది పొరే అని తేలితే, ఆగడంలో అర్థముంది.

ఆపరేషన్‌కు ఒప్పుకునే ముందు తేలాల్సినవి ఇంకొన్ని ఉన్నాయి. ఆ వైపు శ్వాసనాళం లోపల టీబీ మచ్చ వల్ల మూసుకుపోలేదని నిర్ధారించుకోవాలి, సాధారణంగా బ్రాంకోస్కోపీతో, అంటే శ్వాసనాళంలోకి సన్నని కెమెరా గొట్టం పంపి చూస్తారు. నాళం మూసుకుని ఉంటే పైన పొర ఒలిచినా ఊపిరితిత్తిలోకి గాలి వెళ్లదు, పడ్డ కష్టం వృథా. ఇంకొకటి, మందులు పని చేస్తున్నాయా అన్నది. జూలైలో చేసిన సీబీనాట్‌లో, అంటే టీబీ క్రిమిని జన్యువుల ద్వారా పట్టే పరీక్షలో, ముఖ్యమైన టీబీ మందు రిఫాంపిసిన్‌కు లొంగే టీబీ అనే వచ్చిందని రాశారు. ఇంకో ముఖ్యమైన మందు ఐసోనియాజిడ్ సంగతి ఆ పరీక్షలో తెలియదు, దానికి వేరే పరీక్ష ఉంది. చేశారో లేదో కాగితాల్లో కనపడలేదు, అడగండి. ఆపరేషన్ జరిగితే తీసిన పొరను, చీమును బయాప్సీకి, టీబీ కల్చర్‌కు (క్రిమిని ల్యాబులో పెంచి చూసే పరీక్ష) రెండింటికీ పంపమని ముందే చెప్పి పెట్టుకోండి. హడావుడిలో అంతా ఫార్మలిన్ సీసాలో వేస్తే కల్చర్‌కు పనికిరాదు.

ఆపరేషన్ ఎలా ఉంటుందో తెలిస్తే సగం భయం పోతుంది, కాబట్టి కొంచెం వివరంగా చెప్తాను. పూర్తి మత్తు ఇస్తారు. గొంతులోకి వేసే గొట్టానికి రెండు దారులుంటాయి, ఎడమ ఊపిరితిత్తితో మనిషిని నడిపిస్తూ కుడిదాన్ని వదిలేయడానికి. పక్కకు తిప్పి పడుకోబెట్టి, వెనక భుజపుటెముక కింద నుంచి ముందుకు ఒంపుగా కోస్తారు. మీ తమ్ముడికి ఎముకలు దగ్గరపడ్డాయి కాబట్టి దారి కోసం ఒక పక్కటెముక ముక్క తీయాల్సి రావచ్చు, దానివల్ల తర్వాత పెద్ద లోటు ఉండదు. లోపల చీము అంతా కడిగాక అసలు పని మొదలవుతుంది. పొరకు ఒకచోట గాటు పెట్టి, దాని కింద గులాబీ రంగులో ఊపిరితిత్తి కనపడే వరకు వెళ్లి, అక్కడి నుంచి అంచు పట్టుకుని వేలితో, దూది ఉండతో మెల్లమెల్లగా ఒలుస్తూ పోతారు. మధ్యమధ్యలో మత్తు డాక్టరు ఆ ఊపిరితిత్తిలోకి కాస్త గాలి పంపుతుంటారు, ఎక్కడ విడింది, ఎక్కడ ఇంకా పట్టుంది అని తెలియడానికి. ఛాతీకీ పొట్టకూ మధ్య ఉండే డయాఫ్రం మీద కూడా పొర ఉంటుంది, దాన్నీ విడిపిస్తారు. గంటల పని. ఓపిక ఉన్న సర్జన్ చేయాల్సిన పని. చిన్న రంధ్రాల ద్వారా కెమెరాతో చేసే పద్ధతి కూడా ఉంది. చీము తీగలు సాగే దశలో అది చాలా బాగా పని చేస్తుంది. ఇంత ముదిరాక చాలాచోట్ల తెరిచే చేస్తారు. కెమెరాతోనే చేయండి అని పట్టుబట్టకండి. పూర్తిగా ఒలవడం ముఖ్యం, కోత ఎంత చిన్నదన్నది కాదు.

బయటికి వచ్చేటప్పుడు ఛాతీకి రెండు గొట్టాలుంటాయి, కింద నీళ్ల సీసాలు. ఒలిచినచోట ఊపిరితిత్తి ఉపరితలం నుంచి గాలి కారడం మామూలే, సీసాలో బుడగలు వస్తుంటాయి. రోజులు గడిచేకొద్దీ తగ్గాలి. కొందరికి వారం దాటినా వస్తూనే ఉంటాయి, అప్పుడు గొట్టంతోనే ఇంకొన్నాళ్లు ఉండాలి. బుడగలు చూసి మీ నాన్నగారు కంగారు పడతారు, ముందే చెప్పి ఉంచండి. సీసాను ఎప్పుడూ మంచం కన్నా కిందే ఉంచాలి. నడిపించేటప్పుడు ఎవరో ఒకరు పట్టుకోవాలి.

ఒక రోజో రెండు రోజులో ఐసీయూ, మొత్తం ఆస్పత్రిలో వారం నుంచి రెండు వారాలు అనుకోండి. ఈ రోజుల్లో సగం పని మీ తమ్ముడిదే. నొప్పి తగ్గడానికి వెన్నులో సన్నని గొట్టం పెట్టి మందు ఇస్తారు. అది పని చేస్తున్నప్పుడే అతను గట్టిగా దగ్గాలి, లేచి నడవాలి, మూడు బంతులుండే ఆ ప్లాస్టిక్ పరికరంతో గంటగంటకూ ఊపిరి లాగాలి. ఒలిచిన ఊపిరితిత్తి ఛాతీ గోడకు ఆనుకునేలా విచ్చుకోకపోతే మధ్యలో ఖాళీ మిగులుతుంది, ఆ ఖాళీలో మళ్లీ ఏదో ఒకటి చేరుతుంది. నొప్పని కదలకుండా పడుకునేవాళ్లకే ఎక్కువ ఇబ్బందులు. అక్కగా మీరు దగ్గరుండి చేయాల్సిన గారాబం ఏమిటంటే, గారాబం చేయకుండా లేపి నడిపించడం.

నష్టాలు దాచను. రక్తం ఎక్కువ పోవచ్చు, అందుకే ముందే రక్తం సిద్ధం చేయమంటారు, మీ ఊరి కుర్రాళ్లను ఇద్దరు ముగ్గురిని మాట్లాడి పెట్టుకోండి. గాలి కారడం ఎక్కువ రోజులు సాగొచ్చు. గాయం చీము పట్టొచ్చు. పూర్తిగా విచ్చుకోకపోవచ్చు. కోత చుట్టూ తిమ్మిరి, లాగుడు నొప్పి నెలల తరబడి ఉంటుంది, కొందరికి అది పూర్తిగా పోదు. ప్రాణాపాయం 27 ఏళ్ల మనిషికి, ఎడమ ఊపిరితిత్తి బాగున్నవాడికి, బరువు పెరుగుతున్నవాడికి తక్కువే, కానీ సున్నా అని ఎవరూ చెప్పలేరు. సర్జన్ను అడగండి, మీరు ఇలాంటివి తరచూ చేస్తారా, ఎంతమందికి ఇబ్బంది వచ్చింది అని. చేసేవాళ్లు ఈ ప్రశ్నకు చిరాకు పడరు.

లాభం కూడా ఉన్నదున్నట్టు చెప్పాలి. 54 శాతం కాస్తా 100 అయిపోదు. చాలామందికి గాలి బాగా పెరుగుతుంది, ఆ పెరుగుదల నెలల తరబడి మెల్లగా సాగుతుంది, బస్తా ఎత్తే మనిషికి ఆ తేడా తెలుస్తుంది. భుజం కొంత సర్దుకుంటుంది. బండి నడపడానికి నెలన్నర, బరువు పనికి మూడు నెలలైనా ఆగాలి. టీబీ మాత్రలు ఆపరేషన్ అయినా ఆపకూడదు, కోర్సు పూర్తి చేయాలి, డాక్టరు పొడిగిస్తే పొడిగించాలి.

ఇప్పుడు మీ ముందున్న దారులు చూద్దాం.

పరీక్షల్లో చీమే అని తేలితే, ఈ నెలలోనో వచ్చే నెలలోనో ఆపరేషన్ చేయించి, పెళ్లిని వేసవికి జరపడం ఒక దారి. టీబీ రోగికి ఇలాంటి ఆపరేషన్ చేసే ముందు కొన్ని నెలలైనా మందులు పడాలని చూస్తారు, అది ఇప్పటికే జరిగింది. కళ్లెలో టీబీ లేదు. ఒళ్లు కోలుకుంటోంది. ఇంతకన్నా మంచి సమయం అంత తేలిగ్గా రాదు. దీనికి మీరు చెల్లించే మూల్యం పెళ్లి వాయిదా, ఫంక్షన్ హాల్ అడ్వాన్సు, నలుగురి ప్రశ్నలు.

కోర్సు పూర్తయ్యే దాకా ఆగి, మళ్లీ స్కాన్, ఊపిరి పరీక్ష చేయించి అప్పుడు నిర్ణయించడం ఇంకో దారి. చీము లేదని తేలితే నేనూ ఇదే చెప్తాను. చీము ఉండగా ఆగితే మాత్రం పొర ఇంకా ముదురుతుంది, ఛాతీ ఇంకా కుంచించుకుంటుంది, ఒలవడం కష్టమవుతుంది. అరుదుగానే అయినా ఆ చీము ఛాతీ గోడను తొలుచుకుని చర్మం కింద గడ్డలా తేలవచ్చు, లేదా లోపలికి శ్వాసనాళంలోకి దారి చేసుకోవచ్చు. రెండోది ప్రమాదకరం.

మాఘంలో పెళ్లి చేసేసి ఆ తర్వాత ఆపరేషన్ అన్నది మీ బంధువుల సలహా. నాకు అసలు నచ్చనిది ఇదే. రెండు నెలల్లో ఊపిరితిత్తి పాడైపోతుందని కాదు. ఏళ్ల తరబడి బిగుసుకున్న ఊపిరితిత్తి కూడా లోపల బాగుంటే ఒలిచాక విచ్చుకున్న సందర్భాలున్నాయి, కాబట్టి రేపే చేయించకపోతే అంతా పోయిందన్న భయం వద్దు. నా అభ్యంతరం వేరు. పెళ్లి పనుల్లో మాత్రలు తప్పుతాయి, తిండి, నిద్ర తప్పుతాయి, మధ్యలో జ్వరం వస్తే ఎవరికీ చెప్పుకోలేక పారాసిటమాల్ వేసుకుంటాడు. పెళ్లయిన నెలకు కొత్త కోడలు ఆస్పత్రి వరండాలో కూర్చుని తనకు ఎవరూ చెప్పని జబ్బు పేరు కేస్‌షీట్ మీద చదువుకోవాలి.

అసలు ఆపరేషనే వద్దనుకోవడం కూడా ఒక దారే. ఆయాసం పెద్దగా లేక, కూర్చుని చేసే పని అయి, లోపల చీము లేకపోతే చాలామంది అలాగే బతుకుతారు, తప్పేం లేదు. మీ తమ్ముడికి మొదటి రెండూ సరిపడవు, మూడోది ఇంకా తేలాలి. అయినా అతను బాగా ఆలోచించి వద్దంటే, ట్రాలీ వదిలి వేరే పని చూసుకుంటానంటే, అది అతని హక్కు.

ఇక్కడే ఒక మాట. ఇంత పెద్ద ఉత్తరంలో నాన్నగారు ఏమన్నారో ఉంది, ఆర్‌ఎంపీ ఏమన్నాడో ఉంది, టైలర్ ఏమన్నాడో కూడా ఉంది. మీ తమ్ముడు ఏమన్నాడో ఒకే ఒక్కచోట ఉంది: "నీ ఇష్టం అక్కా." అమ్మ పోయాక అతన్ని మీరే చూసుకున్నారు, మీ బంగారం బ్యాంకులో పెట్టి వైద్యం చేయిస్తున్నారు, ఆ ప్రేమను తక్కువ చేయను. కానీ కోత పడేది అతని ఒంటికి, దగ్గాల్సింది అతను. ఎవరో ఒప్పుకున్న ఆపరేషన్‌కు పడుకున్నవాడు గొట్టాలతో లేచి నడవడు. ఒకసారి మీరు పక్కన లేకుండా డాక్టరు గదిలోకి అతన్ని ఒక్కణ్నే పంపండి. లోపల ఏం మాట్లాడాడో బయటికొచ్చాక గుచ్చి గుచ్చి అడగకండి.

నాన్నగారి భయానికి లెక్కలు చెప్పి ప్రయోజనం లేదు. ఆయన కళ్లముందు ఆపరేషన్ తర్వాత మనిషి పోయింది. "ఇది వేరు, అది వేరు" అని మీరంటే ఆయన మనసుకు ఎక్కదు. ఆయన్ని సర్జన్ దగ్గరికి తీసుకెళ్లండి. ఆ రోజు అమ్మకు ఏం జరిగిందో మీ దగ్గర కాగితాలుంటే అవీ పట్టుకెళ్లండి. మత్తు వల్లనా, రక్తం పోయిందా, రక్తం గడ్డ ఊపిరితిత్తిలోకి వెళ్లిందా అన్నది మత్తు డాక్టరుకు కూడా పనికొచ్చే సంగతే, ఎందుకంటే కొన్ని ఇబ్బందులు రక్తసంబంధీకుల్లో మళ్లీ రావచ్చు. తన దుఃఖం ఈసారి బిడ్డకు జాగ్రత్తగా ఉపయోగపడుతోందని తెలిస్తే ఆయన పట్టు కొంత సడలవచ్చు. సడలకపోవచ్చు కూడా. సంతకం పెట్టాల్సింది మేజరైన మీ తమ్ముడే, నాన్నగారి ఒప్పుకోలు మనశ్శాంతికే తప్ప చట్టానికి అక్కర్లేదు.

ఛాతీలో చీముకు ఎప్పుడు కోయాలి అన్న తగవు కొత్తది కాదని ఆయనకు చెప్పాలనుకుంటే చెప్పండి. 1918 ఫ్లూ రోజుల్లో అమెరికా సైనిక శిబిరాల్లో ఛాతీ చీముకు తొందరగా తెరిచేస్తూ పోతే చాలామంది చనిపోయారు. దాని మీద వేసిన కమిషన్, మొదట గాలి చొరబడని పద్ధతిలో చీము బయటికి తీసి, మనిషి కుదుటపడ్డాకే తెరవాలని చెప్పింది, చావులు బాగా తగ్గాయి. పొర ఒలిచే ఆపరేషన్‌ను ఫ్రాన్స్ సైనిక సర్జన్ డెలోర్మ్ అంతకు ముందే, 1890లలోనే చేశాడు. మీ తమ్ముడికి గొట్టం, మందులు, కోలుకోవడం అన్న మెట్లు వరసగానే పడ్డాయి. ఇప్పుడు మిగిలింది చివరి మెట్టు.

పెళ్లి సంగతికి వద్దాం. కళ్లెలో టీబీ లేదు, నాలుగు నెలలుగా సరైన మందులు వాడుతున్నాడు, కాబట్టి ఆ అమ్మాయికి అతని వల్ల అంటుకుంటుందన్న భయం అక్కర్లేదు. దాచడానికి వైద్యపరంగా కారణం లేదు, చెప్పడానికి బోలెడున్నాయి. అసలు దాచడం కుదిరే పని కూడా కాదు. వెనక నుంచి పక్కకు జానెడు కన్నా పొడుగు మచ్చ ఉంటుంది, మాత్రల స్ట్రిప్పులు ఇంట్లో ఉంటాయి, ఫోన్లో ఆస్పత్రి మెసేజీలుంటాయి. తెలుస్తుంది. ఎవరి నోటి నుంచి, ఎప్పుడు అన్నదే మీ చేతిలో ఉంది.

నన్నడిగితే పెద్దమనుషుల మధ్య పెట్టకుండా ముందు మీ తమ్ముడే ఆ అమ్మాయికి చెప్పాలి. రోజూ ఫోన్లో మాట్లాడుకుంటున్నారని మీరే రాశారు. నిమోనియా అన్నాం, అది టీబీ, తగ్గుతోంది, ఒక ఆపరేషన్ పడొచ్చు, నీకేం అడగాలనిపిస్తే డాక్టరు దగ్గరికి కలిసి వెళ్దాం అంటే చాలు. ఆ అమ్మాయి తన ఇంట్లో ఎలా చెప్పాలో తను చూసుకుంటుంది, లేదా మీరిద్దరూ వెళ్లి చెప్పండి. సంబంధం తప్పిపోవచ్చు. అలా జరగదని నేను హామీ ఇవ్వలేను, మన ఊళ్లలో టీబీ అంటే ఇంకా మొహం తిప్పుకునేవాళ్లున్నారు. కానీ ఇప్పుడు తప్పితే అడ్వాన్సులు పోతాయి, నాలుగు రోజులు మాటలు పడతారు. పెళ్లయ్యాక తెలిసి తప్పితే ఇద్దరి జీవితాలు పంచాయతీల్లో నలుగుతాయి. ఒకవేళ ఆ అమ్మాయి ఉంటానంటే, ఆస్పత్రిలో ఆ మూడు బంతుల పరికరంతో ఊపిరి లాగించే మనిషి ఇంకొకరు దొరికినట్టే. మీ మరిదిగారు అన్నట్టు "అపెండిక్స్ ఆపరేషన్ అని చెప్పేద్దాం" అన్న సలహా మాత్రం వద్దు. అపెండిక్స్ వీపులో ఉండదు.

డబ్బు గురించి క్లుప్తంగా. మీకు తెల్ల రేషన్ కార్డు ఉందన్నారు, మరి 3 లక్షల 20 వేలు సొంతంగా ఎందుకు కడుతున్నారు? తెలంగాణలో ఆరోగ్యశ్రీ పరిమితిని 2023 డిసెంబర్‌లో 10 లక్షలకు పెంచారు. ఆ ఆస్పత్రిలో ఆరోగ్యమిత్ర కౌంటర్ దగ్గర ఈ ఆపరేషన్‌కు అక్కడ అనుమతి వస్తుందో లేదో ముందు అడగండి. అనుమతి ఆపరేషన్‌కు ముందే రావాలి, డబ్బు కట్టేశాక అడిగితే కష్టం. అక్కడ కుదరకపోతే హైదరాబాద్‌లో నిమ్స్, ఉస్మానియా, గాంధీ ఆస్పత్రుల్లో గుండె, ఛాతీ సర్జరీ విభాగాలున్నాయి. వెయిటింగ్ ఉండొచ్చు, కానీ మీకున్న వ్యవధిలో ఒకట్రెండు వారాల ఆలస్యం పెద్ద నష్టం కాదు. ఇంకో సంగతి, టీబీ రోగికి మందులు వాడుతున్నన్నాళ్లూ పోషకాహారం కోసం కేంద్రం నెలకు 1000 రూపాయలు బ్యాంకు ఖాతాలో వేస్తుంది, 2024 నవంబర్ నుంచి అంతకు ముందున్న 500ను పెంచారు. ప్రైవేటులో చూపించుకున్నా ప్రభుత్వం టీబీ రోగుల పేర్లు నమోదు చేసే నిక్షయ్‌లో పేరు ఉంటే వస్తుంది. మీ పీహెచ్‌సీలో అడిగి, పడకపోతే ఖాతా నంబరు సరిచేయించండి. ఆ డబ్బు గుడ్లకు, పాలకు, పప్పుకు పెట్టండి. ఆపరేషన్ లోపు ఇంకో రెండు మూడు కిలోలు పెరిగితే గాయం త్వరగా మానుతుంది. సిగరెట్ సంగతి మీరు రాయలేదు. అలవాటుంటే ఇవాళే ఆపాలి.

డాక్టరు దగ్గరికి వెళ్లేటప్పుడు రిపోర్టు కాగితం ఒక్కటే తీసుకెళ్లకండి. సీటీ సీడీ, జూలై నుంచి తీసిన ఎక్స్‌రేలన్నీ వరసగా పెట్టుకుని వెళ్లండి. పొర పెరుగుతోందా తగ్గుతోందా అన్నది ఒక్క ఫిల్మ్‌తో తెలియదు.

ఈలోగా మళ్లీ జ్వరం తిరగబెట్టినా, కుడి డొక్క మీద ఎర్రగా వాపు తేలినా, కళ్లెలో రక్తం కనిపించినా అపాయింట్‌మెంట్ దాకా ఆగకండి. ఉన్నట్టుండి దగ్గులో చీములాంటి కళ్లె గ్లాసెడు పడిందంటే, లోపలి చీము నాళంలోకి దారి చేసుకుందని అర్థం. అప్పుడు అతన్ని వెల్లకిలా పడుకోబెట్టొద్దు. కూర్చోబెట్టండి, పడుకోక తప్పకపోతే కుడివైపుకే తిప్పండి, బాగున్న ఎడమ ఊపిరితిత్తిలోకి చీము జారకుండా ఉంటుంది. అలాగే ఉంచి 108కి ఫోన్ చేయండి.